‘12 లక్షలు గ్యారంటీ’ అని అగ్రిమెంట్ పెడితే సంతకం చేయకండి

యాక్సిడెంట్ క్లెయిమ్ ఇప్పిస్తామని తిరిగే ‘కన్సల్టెంట్ల’ చేతిలో మేం మునగబోయి బయటపడ్డాం. పూర్తిగా బయటపడ్డామా అంటే, అదీ చెప్తాను.

మా బావ ఏసీ మెకానిక్. ఉప్పల్ దగ్గర లారీ గుద్ది చనిపోయాడు. వయసు 38. అక్క, ఇద్దరు పిల్లలు, బావ వాళ్ల అమ్మ, నలుగురూ ఆయన సంపాదన మీదే. పోస్టుమార్టం అయ్యి బాడీ ఇంకా చేతికి రాకముందే ఒకతను వచ్చి నా చేతిలో నీళ్ల బాటిల్ పెట్టాడు. “అన్నా, టెన్షన్ తీస్కోకు. కాయితాలన్నీ నేనే తెస్త. ముందుగాల ఒక్క రూపాయి గూడ వద్దు.” ఆ పూట అతను మాకు దేవుడిలాగే కనిపించాడు, అబద్ధమెందుకు.

పదకొండో రోజు దాటగానే అంబర్‌పేటలో అక్క వాళ్లింటికి వచ్చాడు. దశదిన కర్మ కార్డు వెనక్కి తిప్పి లెక్క వేశాడు. నెలకు 12,000, ఏడాదికి 1,44,000. మూడో వంతు బావ సొంత ఖర్చు కింద తీసేస్తే 96,000. దాన్ని 14తో గుణిస్తే 13,44,000. “కోర్టుల ఇంకింత కోస్తరు. నేను 12 లక్షలు గ్యారంటీ ఇప్పిస్త” అన్నాడు. అగ్రిమెంట్‌లో మాత్రం ఇలా ఉంది: 12 లక్షలు కుటుంబానికి, ఆపైన ఎంత వచ్చినా సర్వీసు ఛార్జీ. దాంతోపాటు అక్క సంతకంతో మూడు ఖాళీ చెక్కులు, రెండు ఖాళీ బాండు పేపర్లు. అక్క పెట్టేసింది. సాక్షి సంతకం నాదే.

తర్వాత ఎవరో చెబితే పురానీ హవేలీలో సిటీ సివిల్ కోర్టు దగ్గరున్న న్యాయ సేవాధికార సంస్థకు వెళ్లాం. ఆడవాళ్లకు ఆదాయంతో పని లేకుండా అక్కడ ఉచితంగా వకీలును పెడతారు. 15100కి ఫోన్ చేసినా దారి చెప్తారు. ఆ లాయరమ్మ కార్డు వెనక లెక్క చూసి నవ్వలేదు, తిట్టలేదు. పెన్ను తీసి పక్కనే మళ్లీ వేసింది.

మొదట ఆ 14. చనిపోయినవాళ్ల వయసును బట్టి ఏడాది లెక్కను గుణించే సంఖ్య అది. పోస్టుమార్టం రిపోర్టులో వయసు సుమారు 45 అని ఉంది. బావకు జుట్టు ముందే నెరిసింది మరి. ఆ కన్సల్టెంటు అదే పట్టుకున్నాడు. పదో తరగతి మెమో ప్రకారం 38. సుప్రీంకోర్టు 2009లో సరళా వర్మ కేసులో ఖాయం చేసిన పట్టికలో 36 నుంచి 40 ఏళ్లకు 15. ఆధార్‌ను పుట్టినతేదీకి రుజువుగా చూడరు, మెమో దాచుకోండి. రెండోది, ఆధారపడ్డవాళ్లు నలుగురు నుంచి ఆరుగురైతే తీసేయాల్సింది నాలుగో వంతు, మూడో వంతు కాదు. మూడోది అతను అసలు ఎత్తనే లేదు: బతికుంటే సంపాదన పెరిగేది కదా, దానికీ లెక్క ఉంది. 2017లో ప్రణయ్ సేఠీ తీర్పు ప్రకారం సొంత పని చేసుకునేవాళ్లకు 40 ఏళ్లలోపైతే 40 శాతం కలపాలి. పర్మనెంటు ఉద్యోగమైతే 50.

బావ ఫోన్‌పే ఎంట్రీలు, బిల్లు పుస్తకాలు చూస్తే నెలకు 18,000 తేలింది. ఏడాదికి 2,16,000. 40 శాతం కలిపితే 3,02,400. నాలుగో వంతు తీస్తే 2,26,800. ఇంటూ 15, 34,02,000. భార్యకు, పిల్లలకు, తల్లికి తోడు పోయినందుకు తలా 48,400. 2017లో 40,000 ఉండేది, మూడేళ్లకోసారి 10 శాతం చొప్పున 2020లో, 2023లో పెరిగింది. అంత్యక్రియలకు 18,150, ఎస్టేట్ నష్టం (ఆయన మిగిల్చే ఆస్తికి వచ్చిన నష్టం) కింద ఇంకో 18,150. మొత్తం 36,31,900. పైన వడ్డీ.

అంటే అతని ‘సర్వీసు’ ఖరీదు 24 లక్షలు.

ఇది లెక్కే, అవార్డు కాదు, అంటే యాక్సిడెంట్ క్లెయిములు తేల్చే ట్రిబ్యునల్ ఇచ్చే తీర్పు కాదు. ఆ ఆదాయం ట్రిబ్యునల్ ఒప్పుకోకపోతే తగ్గుతుంది. తప్పులో చనిపోయినవాళ్ల వాటా ఉందంటే ఆ మేరకు కోస్తారు. అయినా 12కు, 36కు మధ్య చాలా దూరం ఉంది.

చెక్కులెందుకో కూడా అప్పుడే అర్థమైంది. ట్రిబ్యునల్ ఇచ్చే డబ్బు వారసుల ఖాతాల్లోకే వెళ్తుంది, మైనర్ల వాటా ఎఫ్‌డీలో ఉంచుతారు. దళారి చేతికి రాదు. కాబట్టి ముందే మన చెక్కు అతని జేబులో ఉండాలి. వకీలు అయినా సరే, వచ్చినదాంట్లో వాటా మాట్లాడుకోవడం బార్ కౌన్సిల్ నిబంధనలకు విరుద్ధం.

ఎఫ్‌ఐఆర్, శవ పంచనామా, పోస్టుమార్టం రిపోర్టు, ఎంవీఐ (మోటారు వాహనాల ఇన్‌స్పెక్టర్) రిపోర్టు, ఛార్జిషీటు కాపీలు మీరే తెచ్చుకోండి. ఒరిజినల్స్ ఎవరికీ ఇవ్వొద్దు. క్లెయిమ్ వేయడానికి చట్టంలో ఆరు నెలల గడువు ఉంది. “తొందరేముంది” అనేవాణ్ని నమ్మొద్దు.

మేం లాయర్ నోటీసు పంపి అగ్రిమెంట్ రద్దు చేసుకున్నాం. బ్యాంకులో మూడు చెక్కులకూ స్టాప్ పేమెంట్ పెట్టించాం. రెండు చెక్కులు తిరిగిచ్చాడు. మూడోది ఎక్కడో పడిపోయిందట. బాండు పేపర్ల మాట ఎత్తితే ఫోన్ కట్ చేస్తున్నాడు.