వీదాలో ఒకరోజు వోడూన్ టూర్: గైడ్‌కి రెండు స్టార్లు, ఊరికి ఐదు

పశ్చిమ ఆఫ్రికాలోని బెనిన్‌లో కొటోనూ నుంచి వీదా అనే ఊరికి ఒకరోజు వోడూన్ (అక్కడి సంప్రదాయ మతం) టూర్ బుక్ చేశా, కారు, గైడ్, టికెట్లు అన్నీ కలిపి 40,000 సీఎఫ్ఏ ఫ్రాంకులు అన్నారు. 40 కిలోమీటర్లే, ప్రయాణం సుఖంగానే అయింది. గైడ్ పేరు మాత్రం రాయను.

ముందు కొండచిలువల గుడి, ఎదురుగానే పెద్ద చర్చి, మధ్యలో రోడ్డే అడ్డం. ఒక పాముని తెచ్చి నా మెడలో వేశారు, చల్లగా బరువుగా ఉంది, అది కదల్లేదు, నేనూ కదల్లేదు. ఫోటోకి మళ్ళీ డబ్బులు. ప్రతిచోటా ఇదే గోల, అన్నీ కలిపే అన్న మాట ఏమైందో మరి.

క్పాస్సే అడవిలో లెగ్బా విగ్రహం ఉంది, అంగం నిక్కబొడుచుకుని. మిగతా దేవుళ్ళ దగ్గరికి దారి తెరిచేది ఆయనే, కానీ గైడ్ సిగ్గుపడి గబగబా దాటించేశాడు.

అసలు విషయం తర్వాత. ఒక గుడి వాకిట్లో తెల్లబట్టలు, పూసలు వేసుకున్న మగవాళ్ళని చూపించి వీళ్ళు వోడున్సీలు అన్నాడు, అక్కడి ఫాన్ భాషలో 'సీ' అంటే భార్య అట, మగైనా ఆడైనా దీక్ష తీసుకుంటే దేవుడికి పెళ్ళామే. అందరికీ పైనున్న దేవుడు మావు-లిసా కూడా ఆడా మగా కలిసిన జంట. ఇది పడగ్గది సంగతి కాదని నాకూ తెలుసు, దేవుడి మనిషి అనే అర్థంలో వాడే మాట, అయినా నేను గే, ఎక్కడ దణ్ణం పెట్టుకోవడానికి వెళ్ళినా చెప్పులతో పాటు ఆ సంగతీ బయటే విడిచి లోపలికెళ్ళడం అలవాటైపోయినోడిని, కాసేపు అక్కడే నిలబడిపోయా.

ఉండబట్టలేక అడిగేశా, వీళ్ళలో గేలు ఉంటారా అని. గైడ్ మొహం మాడిపోయింది. "అది తెల్లోళ్ళ జబ్బు, మా దగ్గర లేదు" అన్నాడు. ఐదు నిమిషాల ముందు దేవుడి పెళ్ళాలు అని మీసం మెలేసి చెప్పింది కూడా ఇతనే! ఆ తర్వాత కారు ఎక్కేదాకా ముక్తసరి సమాధానాలే.

మనలాంటోళ్ళు వెళ్తే ఇది గుర్తుపెట్టుకోండి, బెనిన్‌లో దీన్ని నేరం చేసే చట్టం లేదు గానీ జనం ఒప్పుకుంటారని కాదు, సరిహద్దు దాటితే టోగోలో జైలు, నైజీరియాలో 2014 చట్టంతో పెళ్ళి చేసుకుంటే 14 ఏళ్ళ దాకా. కాబట్టి గైడ్‌ని నాలా అడగొద్దు.

ఫ్రెంచ్ వస్తే జెమిజాన్ అనే బైక్ టాక్సీ ఎక్కి ఊరంతా సొంతంగా తిరగండి, చిల్లర ఎక్కువ పెట్టుకోండి. జనవరిలో వచ్చే వోడూన్ పండక్కి అయితే రూమ్ ముందే చూసుకోవాలి.