మాన్‌స్టెరాకి మట్టి కుండీ మేలా, ప్లాస్టిక్‌దా?

శ్రీకాకుళం, విజయనగరం నర్సరీల్లో దొరికే చీలికల పెద్దాకుల మాన్‌స్టెరాలు, తెల్లపూల పీస్ లిల్లీలు చాలావరకు కడియం నుంచి లారీల్లో వచ్చేవే. నల్ల కవరు, అందులో బంకమట్టి ముద్ద. అడుగు రంధ్రాల్లోంచి వేర్లు బయటికొచ్చినా, పోసిన నీళ్లు లోపలికి ఇంకకుండా అంచుల నుంచి జారిపోతున్నా కుండీ మార్చే టైమొచ్చినట్టే. మరి దేనిలోకి మార్చాలి?

మాన్‌స్టెరాకి నా ఓటు మట్టి కుండీకే. పీస్ లిల్లీకైతే ప్లాస్టిక్ చాలు.

మాన్‌స్టెరా సొంతూరు దక్షిణ మెక్సికో నుంచి పనామా దాకా ఉన్న అడవులు. అక్కడది చెట్లెక్కి పాకుతుంది. గాలిలో తేమెంతున్నా దానికి ఇష్టమే, అందుకే మన సముద్రపు గాలి ఆకులకి బాగా సరిపోతుంది. ఇబ్బందల్లా వేర్లతోనే, వాటికి గాలాడాలి. ఆగస్టులో మన ఇళ్లల్లో దుప్పటి ఆరడానికే రెండ్రోజులు పడుతుంది. అలాంటప్పుడు ప్లాస్టిక్ కుండీలో మన్ను ఎప్పటికి ఆరాలి? మట్టి కుండీ గోడ నీటిని పీల్చి బయటికి వదులుతుంది కాబట్టి, చెయ్యి ఆగక రోజూ ఓ చెంబెడు పోసేవాళ్లున్న ఇంట్లో కూడా వేర్లు కుళ్లే ప్రమాదం తగ్గుతుంది.

కానీ ఆయిల్ పెయింట్ వేసిన రంగు కుండీలు కొనకండి. పెయింట్ గోడలోని సన్న రంధ్రాలను మూసేస్తుంది. మట్టి కుండీకి డబ్బిచ్చి ప్లాస్టిక్ కుండీ ఇంటికి తెచ్చుకున్నట్టే! అందం కావాలంటే జాజు పూసుకోండి. కొత్త కుండీని నాటే ముందు కొన్ని గంటలు నీళ్లలో నానబెట్టాలి. లేకపోతే మొదట పోసిన నీళ్లన్నీ అదే తాగేస్తుంది. బోరు నీళ్లు వాడితే గోడ మీద తెల్లగా ఉప్పు పేరుకుంటుంది. అది తెగులేం కాదు, టెన్షన్ పడక్కర్లేదు.

మే నెలలో కథ తిరగబడుతుంది. నాలుగు రోజులు ఊరెళ్తే మట్టి కుండీ ఎండిపోతుంది. నీళ్లు తగ్గగానే తలవాల్చే పీస్ లిల్లీకి ప్లాస్టిక్ మేలనేది అందుకే. ప్లాస్టిక్‌కి బరువు తక్కువన్న సుఖం కూడా ఉంది. 2018 అక్టోబరులో వచ్చిన తిత్లీ లాంటి తుపాను హెచ్చరిక వచ్చిందంటే బాల్కనీలోవన్నీ లోపలికి చేర్చాలి కదా, నిండా మన్నున్న పన్నెండంగుళాల మట్టి కుండీ ఒక్కరి వల్ల కదిలేది కాదు. మామూలు ఈదురుగాలికి మాత్రం ముందు దొర్లేది ప్లాస్టిక్‌దే.

ఏదైనా సరే, పాతదానికంటే అంగుళమో రెండంగుళాలో పెద్దదుంటే చాలు. 'ఎలాగూ పెరుగుతుందిగా' అని ఒకేసారి గోలెం లాంటిది తెస్తే, వేర్లు చేరని మన్నంతా తడిగానే ఉండిపోతుంది.

నన్నడిగితే కుండీ కన్నా మన్ను ముఖ్యం. ఒట్టి ఎర్రమట్టి నింపితే వానాకాలానికి గట్టిపడి కూర్చుంటుంది. కవిటి, కంచిలి, సోంపేట కొబ్బరి తోటలున్న జిల్లా మనది. పీచు తీయగా మిగిలే పొట్టే కోకోపీట్. వాడేముందు రంగు నీళ్లు తేటపడేదాకా కడగాలి, లేకపోతే అందులోని ఉప్పు వేర్లకి తగులుతుంది. మట్టి కుండీకి కోకోపీట్, ఎర్రమట్టి, వర్మీకంపోస్టు సమపాళ్లలో కలిపి గుప్పెడు ఏటి ఇసుక వేస్తే సరిపోతుంది. ప్లాస్టిక్‌దైతే ఎర్రమట్టి బాగా తగ్గించి కొబ్బరి డొక్క ముక్కలు, బొగ్గు ముక్కలు పెంచాలి. రెండింట్లోనూ నర్సరీ బంకమట్టిని నీళ్లలో నానబెట్టి మెల్లగా విడదీయాలి. ఆ ముద్దను అలాగే కొత్త కుండీలో పెడితే లోపలున్న వేర్ల పరిస్థితి ఏమీ మారదు.

తొలకరి తర్వాత, జూన్ చివర్లోనో జూలైలోనో మార్చడం మేలు. నడివేసవిలో వద్దు. చేతికి గ్లోవ్స్ ఉండాలి. మాన్‌స్టెరా కంద, చేమ కుటుంబంలోదే, కాడ విరిగితే కారే రసం కందలాగే దురద పెడుతుంది. పాకడానికి కర్ర పెట్టేదుంటే మన్ను నింపకముందే నిలబెట్టండి. తర్వాత గుచ్చితే వేర్లు తెగుతాయి. ఆ కర్ర, పెద్ద ఆకులు కలిసి పైన బరువు పెరిగాక ప్లాస్టిక్ కుండీ ఒక పక్కకి ఒరుగుతుంది. మట్టిదైతే కదలకుండా నిలబడుతుంది.