ఉన్న ఊరా, ఊరూరా, పరదేశమా: స్పెయిన్ కింది డివిజన్ల మిడ్‌ఫీల్డర్‌కు ఏది మేలు?

స్పెయిన్‌లో ఫుట్‌బాల్ ఆటగాళ్ళ ఒప్పందాలు మామూలుగా జూన్ 30తో ముగుస్తాయి. మూడో అంచెలోనో నాలుగో అంచెలోనో ఆడే మిడ్‌ఫీల్డర్‌కు ఆ తర్వాత జూలై నెలంతా ఏజెంటు ఫోను కోసం ఎదురుచూడడమే పని. ఫోను వస్తే సామాను సర్దుకుని మరో ఊళ్ళో అద్దె ఇల్లు వెతుక్కోవాలి. రాకపోతే, ఆటగాళ్ళ సంఘమైన అఫే ఏ జట్టూ లేనివారి కోసం వేసవిలో నడిపే సాధన శిబిరంలో చేరి, అక్కడి స్నేహపూర్వక మ్యాచ్‌లలో ఎవరి కంటనైనా పడకపోతానా అన్న ఆశతో ఆడాలి. ఇరవై ఆరు, ఇరవై ఏడేళ్ళు వచ్చేసరికి ఇలాంటి వేసవులు నాలుగైదు గడిచిపోయి ఉంటాయి. అప్పుడు అతని ముందు మూడు దారులు కనబడతాయి. సొంత ప్రాంతంలో స్థిరపడి, వేరే ఉద్యోగం చేసుకుంటూ ఆడడం ఒకటి. కాలికి బలపం కట్టుకుని దేశమంతా ఏడాదికో క్లబ్బు మారుతూ పూర్తికాలపు ఆటగాడిగా కొనసాగడం రెండోది. పాస్‌పోర్టు తీసుకుని పోలాండుకో, సైప్రస్‌కో, మన దేశానికో వెళ్ళడం మూడోది.

ఏది మేలన్నది ఆటగాడి స్థానాన్ని బట్టి కూడా ఉంటుందని నా అభిప్రాయం. స్ట్రైకర్ ఎక్కడికి వెళ్ళినా అతని గోల్స్ సంఖ్య అతనికంటే ముందే వెళుతుంది. మధ్యలో ఆడేవాడి సంగతి అలా కాదు. బంతి రాకముందే భుజం మీదుగా వెనక్కి చూసుకోవడం, డిఫెండర్ దగ్గర బంతి అందుకుని రద్దీ లేని వైపుకు మళ్ళించడం, ఎదుటి జట్టు దూసుకురాబోయే దారిలో రెండు అడుగులు ముందుగానే నిలబడడం వంటివి కాగితం మీదికి ఎక్కే పనులు కావు. వారం వారం చూసే కోచ్‌కూ, పక్కన ఆడే సహచరులకూ, టికెట్టు కొని కూర్చునే ఊరివాళ్ళకూ మాత్రమే వాటి విలువ తెలుస్తుంది. అందుచేత మిడ్‌ఫీల్డర్ క్లబ్బు మారిన ప్రతిసారీ సంపాదించుకున్న గుర్తింపును అక్కడే వదిలేసి, కొత్త చోట మొదటి నుంచి మొదలుపెట్టాల్సి వస్తుంది. మూడు దారులనూ నేను ఈ కోణంలోనే తూచి చూస్తున్నాను.

ముందుగా రంగస్థలం గురించి రెండు మాటలు. 2021 వరకు స్పెయిన్ మూడో అంచె పేరు సెగుందా బి. నాలుగు గ్రూపుల్లో ఎనభై జట్లు ఉండేవి, అందులో చిక్కుకున్నవాడు పైకి రావడం కష్టం కాబట్టి దాన్ని జనం 'ఎల్ పోసో', అంటే బావి అనేవారు. 2021–22 నుంచి ఆ అంచెను కుదించి, 40 జట్లతో ప్రిమేరా ఫెడరేషన్ లీగును, దాని కింద 90 జట్లతో సెగుందా ఫెడరేషన్ లీగును, ఆ కింద ప్రాంతాల వారీగా 18 గ్రూపుల తెర్సేరాను ఏర్పాటు చేశారు. ప్రిమేరా ఫెడరేషన్‌లో ఉన్న 40 జట్లలో ఏటా పైకి వెళ్ళేవి నాలుగు, కిందికి దిగేవి పది. అంటే పూర్తికాలపు జీతం దొరికే చోట్లు తగ్గాయి, ఉన్నచోట నిలదొక్కుకోవడం మరింత కష్టమైంది. పైగా ఒకే అంచెలో ఏనుగులూ చీమలూ కలిసి నడుస్తాయి: 2000లో స్పెయిన్ మొదటి అంచె లీగైన లా లిగా గెలిచిన దెపోర్తివో లా కొరున్యా 2020 నుంచి 2024 దాకా ఈ మూడో అంచెలోనే ఉంది కనుక, ఒక ఆదివారం దాని రియాసోర్ స్టేడియంలో వేలాదిమంది ముందు ఆడినవాడు మరుసటి ఆదివారం కొన్ని వందల మంది కూర్చునే చిన్న మైదానంలో ఆడాల్సి వచ్చేది.

మూడింటిలో ఎక్కువమంది నడిచేది రెండో దారి. నా దృష్టిలో అన్నిటికంటే ప్రమాదకరమైనదీ అదే. చూడడానికి బాగానే ఉంటుంది. ఆటే వృత్తి, ఉదయం సాధన, మధ్యాహ్నం విశ్రాంతి, ఏదో ఒక ఏడాది పై అంచెకు వెళ్ళే జట్టులో ఉంటామన్న ఆశ. కానీ ఈ అంచెలో జీతం ఒప్పందంలో రాసి ఉండడం వేరు, బ్యాంకు ఖాతాలో పడడం వేరు. 2011 ఆగస్టులో అఫే సమ్మెకు దిగి లా లిగా మొదటి వారం మ్యాచ్‌లను ఆపించినప్పుడు రెండు వందలకు పైగా ఆటగాళ్ళకు సుమారు ఐదు కోట్ల యూరోల బకాయిలు ఉన్నాయని చెప్పింది. 1923లో పుట్టిన సలమాంకా క్లబ్బు అప్పుల భారంతో 2013లో మూతపడింది. 2019 జనవరిలో రెయూస్ క్లబ్బును జీతాలు ఇవ్వనందుకు రెండో అంచె నుంచి సీజన్ మధ్యలోనే బహిష్కరించారు. 2022 ఫిబ్రవరిలో అల్మెంద్రలెహో పట్టణానికి చెందిన ఎక్స్‌త్రెమదూరా జట్టు, జీతాలు అందని ఆటగాళ్ళు బరిలోకి దిగకపోవడంతో, ప్రిమేరా ఫెడరేషన్ నుంచే తొలగిపోయింది.

వీటన్నిటికంటే నాకు బాగా గుర్తుండిపోయిన దృశ్యం 2014 జనవరి 30 నాటిది. అప్పటికి మూడో అంచెలో ఉన్న రాసింగ్ సాంతాందేర్ జట్టు స్పెయిన్ నాకౌట్ కప్పు అయిన కోపా దెల్ రేలో క్వార్టర్ ఫైనల్ దాకా వచ్చి, సొంత మైదానం ఎల్ సార్దినేరోలో రియల్ సోసియెదాద్‌తో తలపడాల్సి ఉంది. నెలల తరబడి జీతాలు లేవు. యాజమాన్యం దిగిపోతే తప్ప ఆడబోమని ఆటగాళ్ళు ముందే ప్రకటించారు. విజిల్ మోగింది. పదకొండు మందీ మధ్య వలయం దగ్గర ఒకరి భుజాల మీద ఒకరు చేతులు వేసుకుని వరుసగా నిలబడ్డారు, అంచున కోచ్‌తో సహా మిగిలినవారూ అలాగే నిలబడ్డారు. ప్రత్యర్థులు కాసేపు తమలో తాము బంతి అటూ ఇటూ పంపుకున్నారు, రిఫరీ ఆటను ఆపేశాడు, స్టేడియం చప్పట్లతో మారుమోగింది. అదే జట్టు ఆ సీజన్ చివరికి పై అంచెకు ఎక్కింది. కానీ అలా భుజం భుజం కలిపి నిలబడడం కలిసి కొంతకాలం ఉన్నవాళ్ళకే చేతనవుతుంది. మొన్న ఆగస్టులో వచ్చి వచ్చే జూన్‌లో వెళ్ళిపోయేవాడికి జీతం ఆగితే అతను దాదాపు ఒంటరే. అఫే ద్వారా ఫిర్యాదు చేయవచ్చు, ఆటగాళ్ళ బకాయిలు తీర్చని క్లబ్బును కింది అంచెకు దింపే నిబంధన కూడా ఉంది, అయితే ఆ డబ్బు చేతికందేలోగా ఇంటి అద్దె ఆగదు.

ఇరవై మూడేళ్ళ లోపు కుర్రాళ్ళకు జట్టులో కొన్ని చోట్లు కేటాయించాలన్న నియమం ఇంకో దెబ్బ. ఆ వయసు దాటినవారిని నమోదు చేసుకునే లైసెన్సులు పరిమితం కాబట్టి, సమానంగా ఆడే ఇద్దరిలో కుర్రవాడివైపే క్లబ్బు మొగ్గుతుంది.

ఇక ఉన్న ఊరు. ఈ దారికి పాబ్లో ఇన్ఫాంతెను మించిన ఉదాహరణ నాకు తెలియదు. బుర్గోస్ ప్రాంతానికి చెందిన ఇతను అచ్చమైన మధ్య మిడ్‌ఫీల్డర్ కాదు, రెక్క వైపు నుంచి ఆడేవాడు. కింకోసెస్ దె యూసో అనే చిన్న ఊళ్ళో బ్యాంకు శాఖను చూసుకుంటూ, అదే ప్రాంతంలోని మిరాందా దె ఎబ్రో పట్టణపు జట్టు మిరాందెస్‌కు ఆడేవాడు. 2011–12 కోపా దెల్ రేలో మూడో అంచె మిరాందెస్ వరుసగా లా లిగా జట్లయిన విల్యారియల్, రాసింగ్, ఎస్పాన్యోల్‌లను ఇంటికి పంపి సెమీఫైనల్లో అథ్లెటిక్ బిల్బావ్ దాకా వెళ్ళింది. ఎస్పాన్యోల్ మీద చివరి నిమిషాల్లో సేసర్ కనేదా తలతో కొట్టిన గోల్ ఆ ఊరివాళ్ళు ఎప్పటికీ మరచిపోరు. ముప్పై ఒక్క ఏళ్ళ ఇన్ఫాంతె ఏడు గోల్స్‌తో ఆ టోర్నీలో అందరికంటే ఎక్కువ గోల్స్ చేసినవాడయ్యాడు, జట్టు ఆ ఏడాదే రెండో అంచెకు ఎక్కింది. అతను ఊరూరా తిరిగి వెతుక్కోలేదు. ఉన్నచోటికే అవకాశం నడిచి వచ్చింది.

మన దగ్గర స్పోర్ట్స్ కోటా ఉద్యోగానికి దీన్ని పోల్చకూడదు. 1950 నుంచి 1954 దాకా వరుసగా ఐదుసార్లు రోవర్స్ కప్పు గెలిచిన హైదరాబాద్ సిటీ పోలీస్ జట్టులో ఆట వల్ల ఉద్యోగం వచ్చేది. ఇన్ఫాంతెకు ఉద్యోగం వల్ల ఆట నిలిచింది. నెల తిరిగేసరికి జీతం వస్తుందన్న ధీమా ఉన్నవాడు క్లబ్బు యజమాని ముందు తలవంచాల్సిన పని లేదు, చీలమండ వాచినప్పుడు ఇంజెక్షను వేయించుకుని దిగాల్సిన పనీ లేదు. స్పెయిన్‌లో పింఛనుకు కనీసం పదిహేనేళ్ళ చందా ఉండాలి. ముప్పై ఐదేళ్ళకు బూట్లు విప్పేసరికి అందులో ఎక్కువ భాగం అతని ఖాతాలో పడి ఉంటుంది. ఈ దారిలో లోటు లేదని కాదు. రోజంతా పని చేసి రాత్రి సాధనకు వెళ్ళేవాడి కాళ్ళలో ఉదయం సాధన చేసేవాడి చురుకు ఉండదు, వారాంతాలన్నీ బస్సు ప్రయాణాల్లో పోతాయి, పైగా ఇన్ఫాంతెకు దక్కిన రోజు వందలో తొంభైతొమ్మిది మందికి దక్కదు.

పరదేశం దగ్గర దూరపు కొండలు నునుపు అన్న సామెత సగమే నిజం. అక్కడ నిజంగానే బాగుపడినవాళ్ళు ఉన్నారు, కాని వాళ్ళు బాగుపడిన తీరు గమనించదగ్గది. హోర్తా దె సాంత్ జోవాన్ అనే కతలాన్ ఊరి మిడ్‌ఫీల్డర్ గెరార్ద్ బదియా 2014లో పోలాండులోని పియాస్త్ గ్లివిత్సేకు వెళ్ళి, 2021 దాకా అక్కడే ఉండి, 2018–19లో ఆ క్లబ్బు చరిత్రలో మొట్టమొదటి లీగు టైటిల్‌లో భాగమయ్యాడు. కతలోనియాలోని యేయిదా కుర్రవాడు జెసూస్ ఇమాజ్ స్వదేశంలో క్లబ్బులు మారి మారి, 2017లో పోలాండులోని క్రాకుఫ్‌కు వెళ్ళి, 2019 నుంచి యాగియెలోనియా బియావిస్తోక్‌లో పాతుకుపోయి, 2023–24లో ఆ క్లబ్బుకూ మొదటి టైటిల్ తెచ్చినవారిలో ఒకడయ్యాడు. రాసింగ్, బార్సిలోనా బి, ఎర్కులెస్, ఒవియేదో, సరగోసా అంటూ తిరిగిన మిడ్‌ఫీల్డర్ ఎదు బెదియా 2017లో ఎఫ్‌సీ గోవాకు వచ్చి 2023 దాకా అక్కడే ఆడాడు. 2021 ఏప్రిల్‌లో ఇరాన్ జట్టు పెర్సెపోలిస్ మీద అతను తలతో కొట్టిన గోలే ఆసియా క్లబ్బుల ఏఎఫ్‌సీ ఛాంపియన్స్ లీగు గ్రూపు దశలో ఒక భారత క్లబ్బు చేసిన మొదటి గోల్; అదే ఏడాది అక్టోబరులో డ్యూరాండ్ కప్పు ఫైనల్ అదనపు సమయంలో గెలుపు గోల్ కూడా అతనిదే. స్పెయిన్‌లో ఉండిపోతే అతని పేరు ఎంతమందికి తెలిసేదో!

ఈ ముగ్గురూ దేశం దాటినందువల్ల పైకి రాలేదని నేను అనుకుంటాను. దాటాక ఒకే చోట ఆరేడేళ్ళు నిలిచినందువల్ల వచ్చారు. వారం వారం చూసే జనం దొరికారు, మిడ్‌ఫీల్డర్‌కు కావలసింది అదే.

నిలవలేనిచోట ఏమవుతుందో హైదరాబాద్ చెబుతుంది. లా లిగాకు ఎక్కిన వెస్కా జట్టులో ఆడి, సైప్రస్‌లో ఏఈకే లార్నకాకు ఆడి వచ్చిన మిడ్‌ఫీల్డర్ యుయీస్ సాస్త్రె 2020–21లో హైదరాబాద్ ఎఫ్‌సీ చొక్కా వేసుకున్నాడు. కోవిడ్ వల్ల ఆ సీజన్ మొత్తం గోవాలోనే జరిగింది కాబట్టి గచ్చిబౌలిలో ఒక్క లీగు మ్యాచ్ అయినా ఆడకుండానే అతని హైదరాబాద్ అధ్యాయం ముగిసింది. కతలోనియా చిన్న క్లబ్బుల నుంచి ఎదిగిన కోచ్ మానోలో మార్కెజ్ 2022 మార్చి 20న అదే జట్టును ఇండియన్ సూపర్ లీగు ఫైనల్లో కేరళ బ్లాస్టర్స్ మీద పెనాల్టీలలో ఛాంపియన్‌గా నిలబెట్టాడు. రెండేళ్ళు తిరగకముందే, 2023–24 సీజన్ నడుస్తుండగా, జీతాల బకాయిల వల్ల విదేశీ ఆటగాళ్ళు దాదాపు అందరూ వెళ్ళిపోయారు. 2025లో జట్టు పేరు మార్చుకుని ఢిల్లీకి తరలిపోయింది. ఆ వేసవిలో లీగు మొత్తమే నిలిచిపోయి ఆటగాళ్ళు నెలల తరబడి ఎదురుచూశారు. ఎల్ సార్దినేరోలో నిలబడ్డవాళ్ళ కష్టమే ఇది, ఎనిమిది వేల కిలోమీటర్ల దూరంలో.

అయితే ఒక తేడా ఉంది. రెండు నెలల జీతం ఆగితే, పదిహేను రోజుల గడువుతో నోటీసు ఇచ్చి ఒప్పందం రద్దు చేసుకునే హక్కును ఫిఫా 2018లో నిబంధనల్లో చేర్చింది. విదేశీ ఆటగాడు ఆ వివాదాన్ని నేరుగా ఫిఫా ముందుకు తీసుకువెళ్ళగలడు, క్లబ్బు కొత్తవాళ్ళను తీసుకోకుండా నిషేధం పడేలా చేయగలడు. పింఛను విషయంలో మాత్రం పోలాండు, సైప్రస్ మేలు. అవి ఐరోపా సమాఖ్య దేశాలు కాబట్టి అక్కడి చందా ఏళ్ళు స్పెయిన్ లెక్కలో కలుస్తాయి.

కాబట్టి ఇరవై ఏడేళ్ళ మిడ్‌ఫీల్డర్ నన్ను అడిగితే, ఏడాది ఒప్పందంతో పిలిచే ఆరో స్పెయిన్ క్లబ్బుకు వద్దని చెబుతాను, అది పేరున్న క్లబ్బైనా సరే. రెండేళ్ళకు తక్కువ కాకుండా రాసిచ్చి, గత మూడు సీజన్లలో జీతాలు సరిగా ఇచ్చిందని అక్కడ ఆడివచ్చినవాడు ఫోనులో చెప్పే పోలాండు క్లబ్బు ఉంటే, భార్యాబిడ్డలు కూడా రావడానికి ఒప్పుకుంటే, వెళ్ళమంటాను. భారతదేశం నుంచి పిలుపు వస్తే లీగు తేదీలు ఖరారయ్యాకే విమానం టికెట్టు కొనమంటాను. ఇవేవీ కుదరకపోతే ముప్పై ఏళ్ళు నిండేదాకా ఆగకుండా ఇప్పుడే సొంత ప్రాంతంలో ఉద్యోగం చూసుకుని సెగుందా ఫెడరేషన్‌లోనో తెర్సేరాలోనో ఆడమంటాను. ముప్పై మూడేళ్ళ మాజీ ఆటగాడికంటే ఇరవై ఏడేళ్ళవాడికి మొదటి ఉద్యోగం దొరకడం తేలిక, బుధవారం రాత్రి సాధనకు వెళ్ళాలని యజమానిని ఒప్పించుకోవడం కూడా అప్పుడే తేలిక.