రెండున్నర లక్షలా, కోర్టు కేసా?

బరంపురంలో ఉండే మా అన్నయ్యని ఇచ్ఛాపురం దగ్గర కారు గుద్ది కాలు విరిగింది. ఇంట్లో ఒకటే టెన్షన్: మోటారు వాహనాల చట్టం 164వ సెక్షన్ కింద పరిహారం అడగాలా, 166 కింద కేసు వేయాలా?

164లో తప్పెవరిదో నిరూపించక్కర్లేదు. తీవ్ర గాయానికి 2.5 లక్షలు, మరణానికి 5 లక్షలు. అంతకు మించి రాదు.

166లో పరిమితి లేదు, కానీ అవతలి డ్రైవర్ నిర్లక్ష్యాన్ని చూపించాలి. వైద్యం ఖర్చు, పోయిన జీతం, పడిన బాధ అన్నీ లెక్కలోకి వస్తాయి. శాశ్వత వైకల్యం ఉంటే, దానివల్ల ఏడాదికి తగ్గే సంపాదనను వయసును బట్టి 18 నుంచి 5 దాకా ఉండే గుణకంతో హెచ్చవేస్తారు. అందుకే వైకల్య సర్టిఫికెట్, మందుల బిల్లులు జాగ్రత్త. ప్రమాదం ఆంధ్రాలో జరిగినా, కేసు మనం ఉండే బరంపురంలోనే వేయొచ్చు. (తెలుగు ఎఫ్ఐఆర్‌ని అనువాదం చేయించే తిప్పలు వేరే!) 6 నెలల్లోపు వేయాలని చట్టంలో ఉంది.

164 డబ్బు పుచ్చుకుంటే 166 పిటిషన్ రద్దయిపోతుంది. అన్నయ్య లారీ మెకానిక్, మోకాలు ఇంకా సరిగా వంగడం లేదు. నేనైతే 166కే ఓటేస్తాను. వేలు విరిగి నెలలో మానిపోయి ఉంటే 164 చాలనేవాణ్ణి.