కుట్టుకి ఐదు స్టార్లు, కటింగుకి రెండు

నెల్లూరు వి.ఆర్.సి. సెంటర్ దగ్గర సందులో ఉన్న ఈ జిరాక్స్, బైండింగ్ షాపుకి ఎక్కువగా కాలేజీ పిల్లలు ప్రాజెక్టు రిపోర్టులు పట్టుకుని వస్తుంటారు. నేను తీసుకెళ్లిన సరుకు వేరు. జాన్ ఆడింగ్టన్ సిమండ్స్ అనే ఇంగ్లీషాయన ఇటలీ పునరుజ్జీవనం (రినైసాన్స్) మీద ఏడు సంపుటాలు రాశాడు. 1877లో వచ్చిన రెండో సంపుటం, అక్కడ గ్రీకు, లాటిన్ చదువులు మళ్లీ ఎలా లేచి నిలబడ్డాయో చెబుతుంది. కాపీరైటు ఎప్పుడో తీరిపోయింది కాబట్టి పీడీఎఫ్ ఉచితమే. కానీ ఐదొందల పైచిలుకు పేజీలు ఫోన్లో చదవడం రిటైరైన రైల్వే గార్డు కళ్లకి అయ్యే పని కాదు. దాంతోపాటు వెన్ను ఊడిపోయిన మా అమ్మ విరాటపర్వం కూడా సంచీలో వేసుకుని బిట్రగుంటలో రైలెక్కాను.

కౌంటర్లో కుర్రాడు ముందుగా ఇచ్చిన సలహా ఇది: "ఒక పక్కకి రెండు పేజీలు కొట్టిస్తే సగం డబ్బులు మిగుల్తాయి సార్." అక్షరం చీమ తలకాయంత అవుతుందని వద్దన్నాను. ఈ పుస్తకంలో కనిపించే పధ్నాలుగో శతాబ్దపు ఇటలీ కవి పెట్రార్క్ అయినా వద్దనేవాడే. ఆయన ముసలితనంలో తన కాలపు గోతిక్ రాత మీద ఇదే గోల పెట్టాడు: ఇరుకు అక్షరాలు, చదివితే కళ్లు నొప్పి. తర్వాత ఇటలీలోని ఫ్లోరెన్స్‌లో పోజ్జో, నిక్కొలీ లాంటి పండితులు అంతకు ముందరి శతాబ్దాల రాతప్రతుల్లో ఉన్న గుండ్రటి అక్షరాన్ని మళ్లీ పట్టుకొచ్చారు. ఇవాళ మనం ఇంగ్లీషు పుస్తకాల్లో చూసే మామూలు అచ్చక్షరం దాని వారసత్వమే.

ఇక బైండింగు. గమ్ బైండింగ్ వద్దు, దారంతో కుట్టాలి అన్నాను. కుర్రాడు మొహం చిట్లించాడు గానీ, లోపల గదిలోంచి ఒక పెద్దాయన వచ్చి, "టయిం పడతాది సార్, ఫారాలు మడిచి కుట్టాల" అన్నాడు. నాలుగేసి పెద్ద కాగితాలు మధ్యకి మడిచి, పదహారు పేజీల ఫారాలు చేసి, మడత మీద కుట్టి, వెన్నుకి క్యాలికో గుడ్డ అంటించి, పైన మెరూన్ రెక్సిన్ వేశాడు. బల్ల మీద పెడితే ఏ పేజీ దగ్గరైనా పుస్తకం బారుగా తెరుచుకుంటుంది, చేత్తో నొక్కి పట్టుకునే పని లేదు. ఈ పని తెలిసినవాళ్లు నెల్లూరులో ఇంకా ఉన్నారని నేననుకోలేదు.

వారమని చెప్పి ఇంకాస్త తిప్పారు, అది పెద్ద లెక్కలోది కాదు. పదిహేనో శతాబ్దంలో ఫ్లోరెన్స్‌ని శాసించిన బ్యాంకరు కోసిమో డి మెడిచీ ఒక లైబ్రరీ నింపమంటే, ఫ్లోరెన్స్ పుస్తకాల వ్యాపారి వెస్పసియానో 45 మంది రాతగాళ్లని పెట్టి, 22 నెలల్లో 200 పుస్తకాలు రాయించానని చెప్పుకున్నాడు. కోసిమో దగ్గర బ్యాంకుంది, నా దగ్గర పెన్షనుంది. ఆగాల్సిందే.

నాకు కోపం వచ్చింది కటింగ్ దగ్గర. అంచులు నీటుగా రావాలని మెషిన్లో పెట్టి మూడు వైపులా ఇష్టమొచ్చినట్టు కోసేశారు. పక్క మార్జిన్ దాదాపు పోయింది. కొన్ని పేజీల్లో ఫుట్‌నోట్ ఆఖరి లైను సగానికి తెగింది. మార్జిన్ పోతే ఏం పోయింది అంటారేమో. ఈ పుస్తకంలో మనుషులు బతికిందే మార్జిన్లలో! పెట్రార్క్ తన దగ్గరున్న రోమన్ కవి వర్జిల్ ప్రతి అంచుల నిండా నోట్సు రాసుకున్నాడు, తన కవితల్లోని ప్రేయసి లారా 1348లో చనిపోయిన సంగతి కూడా ఆ పుస్తకంలోనే రాసి పెట్టుకున్నాడు. ఆ ప్రతి ఇప్పటికీ మిలాన్‌లో అంబ్రోసియానా లైబ్రరీలో ఉంది. 1345లో వెరోనాలో రోమన్ వక్త, రాజకీయవేత్త సిసెరో ఉత్తరాలు దొరికితే, చదివి ఊరుకోలేదు. దాదాపు పధ్నాలుగు వందల ఏళ్ల కిందట పోయిన మనిషికి జవాబు రాశాడు, అంత తెలిసినవాడివి రాజకీయాల గొడవల్లోకి ఎందుకు దిగావయ్యా అని నిలదీస్తూ. హ్యూమనిస్టుల్లో, అంటే పాత గ్రీకు, లాటిన్ చదువుల్ని మళ్లీ లేపిన ఈ పండితుల్లో, నాకు నచ్చేది ఈ చనువే. పాతవాళ్లకి దణ్ణం పెడతారు, ఆ వెంటనే వాదనకీ దిగుతారు. వాదనకి దిగాలంటే పెన్సిలుకి చోటుండాలి కదా.

తమాషా ఏమిటంటే, విరాటపర్వాన్ని మాత్రం పెద్దాయన మెషిన్ దగ్గరికే పోనివ్వలేదు. "అమ్మ పక్కన అర్థాలు రాసుకోని ఉంది సార్, కోస్తే పోతాయి" అన్నాడు. అంచులు ఎగుడుదిగుడుగానే వదిలేశాడు. సిమండ్స్ పుస్తకం కటింగు కుర్రాడి చేతిలో పడింది, అంతే తేడా.

ఓనర్‌తో చెబితే వాదించలేదు. తెగిన పేజీలు మళ్లీ కొట్టి డబ్బు తీసుకోకుండా ఇచ్చాడు. కుట్టు విప్పడం ఇష్టం లేక వాటిని వెనక అట్ట లోపల పెట్టుకున్నాను.

పుస్తకం సంగతి ఒక మాట. సిమండ్స్ వాక్యాలు గూడ్సు బండిలా సాగుతాయి, ఓపిక కావాలి. కానీ పోజ్జో, ఫిలెల్ఫో అనే ఇంకో పండితుడు ఒకర్నొకరు తిట్టుకున్న ఘట్టాలు మంచి రంజుగా ఉన్నాయి. తిరుపతి వేంకట కవులకీ కొప్పరపు కవులకీ నడిచిన మాటల యుద్ధం తెలిసినవాళ్లకి ఇదేం కొత్తగా ఉండదు.

మూడో సంపుటం, అంటే శిల్పం, చిత్రకళల మీదది, కూడా ఇక్కడే ఇస్తాను. మీరు వెళ్తే ఫైలు పెన్ డ్రైవ్‌లో తీసుకెళ్లండి. 80 జీఎస్ఎం (చదరపు మీటరుకి ఎన్ని గ్రాములనే కాగితం బరువు లెక్క) కాగితం అడగండి, 70 అయితే వెనక పేజీ అక్షరాలు కనిపిస్తాయి. కుట్టు బైండింగ్ అని ఆర్డరు కాగితం మీద రాయించండి. "అంచు కొయ్యొద్దు" అని పెద్ద అక్షరాల్లో మొదటి పేజీ మీద మీరే రాసి ఇవ్వండి, నోటితో చెబితే కౌంటర్ దాటి లోపలికి వెళ్లదు.