‘జపాన్ ఒరిజినల్’ పెప్సీమ్యాన్, యో! నాయిడ్ కొనేవాళ్లు జాగ్రత్త

కూల్‌డ్రింకు, పిజ్జా బ్రాండ్ల బొమ్మలతో వచ్చిన పాత గేములను బెజవాడ, గుంటూరుల్లో ‘జపాన్ ఒరిజినల్’ అని అంటగడుతున్నారు. వేలకు వేలు పోస్తే చేతికొచ్చేది నకిలీ.

యో! నాయిడ్ సంగతి మరీ తేలిక. డామినోస్ బొమ్మతో క్యాప్‌కామ్ తెచ్చిన ఆ గేమ్ 1990లో అమెరికా ఎన్‌ఈఎస్‌కి (నింటెండో టీవీ గేమ్ మెషీన్) వచ్చింది, ఆ క్యాసెట్‌కి 72 పిన్నులు. జపాన్‌లో అదే గేమ్ వేరే హీరోతో, వేరే పేరుతో ఉంది. మన పాత టీవీ గేముల్లో పట్టే 60 పిన్నుల క్యాసెట్ మీద నాయిడ్ బొమ్మ కనిపిస్తే విప్పి చూడక్కర్లేదు, పైరసీయే.

పెప్సీమ్యాన్ 1999లో పీఎస్1కి (సోనీ తొలి ప్లేస్టేషన్) వచ్చింది, అదీ జపాన్‌లో మాత్రమే. ‘యూరప్ ఎడిషన్’ అని ఎవరైనా అంటే లేచి వచ్చేయండి. గేమ్‌లో మాటలు ఇంగ్లిష్‌లో ఉండటం చూసి చాలామంది నమ్మేస్తున్నారు. డిస్క్ అడుగు అసలుదానిలా నల్లగా ఉన్నా మురిసిపోవద్దు, ఇంట్లో రాసుకునే నల్ల సీడీ-ఆర్‌లూ దొరుకుతాయి. అసలు డిస్క్‌లో మొదట్లో ట్రాక్ సన్నగా వంకర్లు పోతూ రీజియన్ కోడ్‌ని (ఏ ప్రాంతపు మెషీన్‌కి చేసిందో చెప్పే గుర్తు) మోస్తుంది. మామూలు సీడీ రైటర్ ఆ వంకర్లు రాయలేదు. అందుకే మాడ్‌చిప్ (ఆ కోడ్ తనిఖీని దాటించడానికి అతికించే చిప్) లేని జపాన్ పీఎస్1లో కాపీ బూట్ కాదు. అమ్మేవాడి మెషీన్‌లో మాడ్‌చిప్ ఉంటే అతను ఆడించి చూపినా లెక్కలోకి రాదు.

సెగా మెషీన్ మెగా డ్రైవ్‌కి వచ్చిన 7అప్ బొమ్మ గేమ్ కూల్ స్పాట్ కొనాలంటే, క్యాసెట్ విప్పే 3.8 ఎంఎం గేమ్‌బిట్ స్క్రూడ్రైవర్ వెంట తీసుకెళ్లండి. లోపల మాస్క్ రోమ్ (ఫ్యాక్టరీలోనే గేమ్ నింపిన చిప్) ఉండాలి. చిప్ మీద ‘29ఎల్‌వీ’ అని ఉంటే అది 3.3 వోల్టుల ఫ్లాష్, అంటే మళ్లీ మళ్లీ రాయగలిగే చిప్. కన్సోల్ ఇచ్చేది 5 వోల్టులు. మధ్యలో వోల్టేజీ సరిచేసే లెవెల్ షిఫ్టర్ పెట్టకపోతే చిప్ వేడెక్కుతుంది, కన్సోల్ బస్ (డేటా వెళ్లే తీగలు) మీదా భారం పడుతుంది. చిప్ బదులు నల్ల ఎపాక్సీ (గట్టిపడిన జిగురు) ముద్ద కనిపిస్తే నకిలీ అని వేరే చెప్పేదేముంది! జిగురుతో అంటించి ‘విప్పితే వారంటీ పోతుంది’ అనే క్యాసెట్‌కి యూపీఐ కొట్టకండి.

ఇక పెన్‌డ్రైవ్‌లో ఇచ్చే ‘ప్రిజర్వేషన్ కాపీలు’, అంటే గేమ్ డేటా ఫైళ్లు. పీఎస్1కి .ఐఎస్‌ఓ ఇస్తే వద్దనండి. అందులో సెక్టార్‌కి (డిస్క్‌లోని ఒక్కో డేటా ముక్క) 2048 బైట్లే మిగులుతాయి, డిస్క్ మీద ఉండేవి 2352. శబ్దం దాచిన ఎక్స్‌ఏ ఆడియో సెక్టార్లు అక్కడే తెగిపోయి, మధ్యలో వచ్చే వీడియోలకు శబ్దం పోతుంది. బిన్ (డిస్క్ డేటా), క్యూ (ట్రాక్‌ల పట్టిక) ఫైళ్లు రెండూ అడిగి, ఫైల్ వేలిముద్ర లాంటి ఎస్‌హెచ్‌ఏ-1ని రీడంప్ అనే వెబ్‌సైట్‌లోని అసలు డిస్కుల జాబితాతో పోల్చండి. క్యాసెట్ రోమ్‌లకైతే (క్యాసెట్ చిప్ నుంచి తీసిన ఫైళ్లు) నో-ఇంట్రో జాబితా. ఎస్‌ఎన్‌ఈఎస్ (ఎన్‌ఈఎస్ తర్వాతి నింటెండో మెషీన్) ఫైల్ కలవకపోతే, క్యాసెట్ కాపీ చేసే పరికరం (కాపియర్) ముందు పెట్టే 512 బైట్ల హెడర్ తీసి మళ్లీ లెక్కించండి. నకిలీ క్యాసెట్‌ని డంప్ చేసి (డేటా ఫైల్‌గా తీసి) మాత్రం ఆర్కైవ్‌లకు పంపొద్దు, అందులో ఎవరో మార్చిన రోమ్ ఉండొచ్చు.