పదహారేళ్ల గ్యాస్ కనెక్షన్: కోడ్, తూకం, ఒక 6ఏ కేసు

మా ఇంటికి గ్యాస్ కనెక్షన్ వచ్చి పదహారేళ్లయింది. మొదటి నుంచీ ఒకే ఏజెన్సీ. బుకింగ్ విషయంలో వంక పెట్టడానికి లేదు. ఫోన్‌లో బుక్ చేస్తే రెండు మూడు రోజుల్లో బండ గుమ్మంలో ఉంటుంది.

కొన్నేళ్ల కిందట ఓ మధ్యాహ్నం సిలిండర్ డెలివరీ అయిందని మెసేజ్ వచ్చింది. నేను బుక్ చేయలేదు, బండ రాలేదు. ఏజెన్సీకి ఫోన్ చేస్తే ‘సిస్టమ్‌లో పొరపాటమ్మా’ అన్నారు. నమ్మాను. మూడు నెలలకు మళ్లీ అదే జరిగింది. సబ్సిడీ నా ఖాతాలో పడింది, బండ మాత్రం ఇంకెక్కడికో పోయింది. పక్కింటివాళ్లను అడిగితే వాళ్లకూ ఇదే అనుభవం. గ్యాస్ తక్కువ వాడే ఇళ్ల పేరు మీద రీఫిల్ రాసి, ఆ 14.2 కిలోల ఎర్ర బండల్ని హోటళ్లకు బ్లాకులో అమ్ముతున్నారు. హోటళ్లు కొనాల్సింది 19 కిలోల కమర్షియల్ సిలిండర్. దాని ధర ఎక్కువ కాబట్టే ఈ దందా.

మెసేజ్‌లు ప్రింట్ తీయించి, నాలుగిళ్లవాళ్లం సంతకాలు పెట్టి పౌర సరఫరాల అధికారులకు ఇచ్చాం. వాళ్లు గోడౌన్‌కి వెళ్లి చూస్తే రిజిస్టర్‌లో లెక్కకీ, ఉన్న బండలకీ పొంతన లేదు. 6ఏ కేసు రాశారు.

అదేమిటో నాకు అప్పుడే తెలిసింది. వంటగ్యాస్ నిత్యావసర సరుకు. ఇంటి బండల్ని దారి మళ్లించడం 2000 నాటి ఎల్‌పీజీ పంపిణీ ఉత్తర్వును ఉల్లంఘించడమే. ఆ నేరానికి 1955 నిత్యావసర సరుకుల చట్టం సెక్షన్ 7 కింద 3 నెలల నుంచి 7 ఏళ్ల దాకా జైలు, జరిమానా. అదే చట్టం సెక్షన్ 6ఏ కింద కలెక్టర్ నోటీసు ఇచ్చి, పట్టుబడిన సరుకునే కాదు, దాన్ని మోసిన బండినీ జప్తు చేయొచ్చు. ఆయిల్ కంపెనీ విడిగా చర్య తీసుకుంటుంది, డీలర్‌షిప్ రద్దు దాకా వెళ్లొచ్చు. ఇంటి బండ కొని వాడిన హోటలుకూ తప్పించుకునే వీలు లేదు.

తర్వాత డెలివరీ కోడ్ పద్ధతి వచ్చింది. మన ఫోన్‌కి వచ్చిన నంబరు చెబితేనే బండ అందినట్టు నమోదవుతుంది. నిజంగా పనికొచ్చేది ఇదే. అయితే ‘కోడ్ చెప్పండమ్మా, సాయంత్రం తెస్తాం’ అని ముందే ఫోన్ చేస్తుంటారు. దయచేసి చెప్పకండి. బండ ఇంట్లోకి వచ్చి, తూకం చూశాకే నేను కోడ్ చెబుతాను.

తూకం మాట ఊరికే అనడం లేదు. బండ మెడ దగ్గరి పట్టీ మీద ఖాళీ బరువు ఉంటుంది. ఒకసారి అది 15.8 కిలోలు. నిండు బండ 30 కిలోలు తూగాలి. త్రాసుకి తగిలిస్తే ముల్లు 28.4 దగ్గర ఆగిపోయింది. సీలు చూస్తే బాగానే ఉంది. కిలోన్నరకు పైగా గ్యాస్ మాయం. అప్పటికప్పుడు వేరే బండ ఇచ్చారు. ఇది తూనికల కొలతల చట్టం పరిధిలోకి వచ్చే మోసం. త్రాసు తేవడం డెలివరీ చేసేవాళ్ల బాధ్యత, అడగడానికి మొహమాటపడొద్దు.

మేడ మీదికి మోసినందుకు అదనంగా అడిగేవారు. డెలివరీ ఖర్చు బిల్లులోనే కలిసి ఉంటుంది, ఏ అంతస్తుకైనా అంతే. ఆ డబ్బు కూడా బిల్లు మీద రాసి సంతకం పెట్టమన్నాను. మళ్లీ అడగలేదు.

నన్ను బాగా బాధపెట్టింది ఒకటే. కేసు రాగానే ఏజెన్సీ వాళ్లు ముందు పనిలోంచి తీసేసింది డెలివరీ కుర్రాణ్ణి. నేను బుక్ చేయని రీఫిల్‌కి నా పేరు మీద బిల్లు పుట్టింది ఆఫీసు కంప్యూటర్‌లో. దాని ముందు ఆ పిల్లాడు ఒక్కరోజు కూడా కూర్చోలేదు. అధికారులకిచ్చిన వాంగ్మూలంలో ఈ మాట పట్టుబట్టి రాయించాను.